ఆడనివ్వని కోచ్

బాచుపల్లి అవతలి ఆ ఇంజనీరింగ్ కాలేజీలో చేరినప్పుడు కిరణ్ పాల్‌ది చిన్న పని. పొద్దున పిల్లల్ని గ్రౌండు చుట్టూ పరుగెత్తించాలి, పంద్రాగస్టుకు పరేడ్ చేయించాలి, ఏడాదికోసారి స్పోర్ట్స్ డే జరిపించాలి. పీడీ సారంటే మిగతా లెక్చరర్లకు సగం సారే. స్టాఫ్‌రూములో ఆయనకు బల్ల కూడా ఇవ్వలేదు. క్రికెట్ కిట్లు పడేసే గదిలోనే ఒక కుర్చీ వేసుకుని కూర్చునేవాడు.

ఆయనది జహీరాబాద్. తండ్రి జోసెఫ్ మిషన్ స్కూల్లో డ్రిల్ మాస్టారుగా చేసి పోయాడు. కిరణ్ పాల్ చదువుకునే రోజుల్లో యూనివర్సిటీ తరఫున రగ్బీ ఆడాడు. ఒక మ్యాచ్‌లో మోకాలు మెలి తిరిగింది. దాంతో ఆట పోయింది గానీ ఆట మీద పిచ్చి పోలేదు. పెళ్ళయ్యాక భార్య సెలీనాతో మియాపూర్‌లో కిరాయికి దిగాడు. ఆమె ఒక పెద్ద దవాఖానలో నర్సు, తల దెబ్బలు తగిలినవాళ్ళని ఉంచే వార్డులో డ్యూటీ.

కాలేజీ కరస్పాండెంట్ నరసింహమూర్తి గారు భీమవరం నుంచి వచ్చి స్థిరపడ్డ మనిషి. ఒకసారి ఏదో యూనివర్సిటీతో ఒప్పందం కోసం అమెరికా వెళ్ళారు. అక్కడ శనివారం నాడు అమెరికన్ ఫుట్‌బాల్ మ్యాచ్ చూపించారట. ఊరు ఊరంతా ఒకే రంగు చొక్కాలు వేసుకుని స్టేడియంలో నిలబడి అరుస్తుంటే ఈయనకు ఒళ్ళు గగుర్పొడిచింది. తిరిగొచ్చిన వారంలోనే కిరణ్ పాల్‌ని పిలిపించారు.

"మనమూ ఆ టీము పెడుతున్నామండీ కిరణ్ గారూ. హైటెక్ సిటీలో సగం కంపెనీలు అమెరికావేగా? వాళ్ళ ఆట మన పిల్లలు ఆడుతుంటే వాళ్ళే మన గేటు వెతుక్కుంటూ వస్తారు. ప్లేస్‌మెంట్లకి ఇంతకన్నా మంచి దారి ఏముందండీ?"

"నాకా ఆట రాదు సార్," అన్నాడు కిరణ్ పాల్ ఉన్నమాట.

"రగ్బీ ఆడారుగా. అలాంటిదేనండీ అదీను."

అలాంటిది కాదని హెల్మెట్లూ, భుజాలకు కట్టే దళసరి మెత్తల కవచాలూ అట్టపెట్టెల్లో దిగిన రోజే తెలిసింది. ఏది ముందో ఏది వెనకో తెలియక కిరణ్ పాల్, ఐదారుగురు పిల్లలు ఒక మధ్యాహ్నమంతా కుస్తీ పట్టారు. తర్వాత ఆయన ఫోన్లో వీడియోలు చూసి నేర్చుకున్నాడు. బెంగుళూరులో ఎవరో శిబిరం పెడితే సెలవు పెట్టుకుని వెళ్ళొచ్చాడు. చూడటానికి జహీరాబాద్ నుంచి వచ్చిన తల్లి రూతమ్మ గట్టు మీద కూర్చుని కాసేపు చూసి, "చేతుల పట్టుకొని ఉరుకుతుంటే ఫుట్‌బాల్ అంటరేంది బిడ్డా?" అని అడిగింది. ఆయన నవ్వి విజిల్ ఊదాడు.

కానీ ఆటలో ఒక సంగతి ఆయన మనసుకు పట్టింది. ఇన్నేళ్ళూ ఏ ఆటకైనా ట్రయల్స్ పెడితే లావుపాటి పిల్లల్ని, పొట్టి పిల్లల్ని, మెల్లగా నడిచేవాళ్ళని ముందే పక్కకు పంపేయాల్సి వచ్చేది. ఈ ఆటకు అందరూ కావాలి. లావుపాటివాడు ముందు గోడలా నిలబడాలి. పొట్టివాడు సందుల్లోంచి దూరిపోవాలి. పరుగు రానివాడైనా సరే, ఎదుటివాడిని ఆపితే చాలు. చిన్నప్పటి నుంచీ స్కూల్లో "దున్నపోతు" అనిపించుకున్న ఒక పిల్లవాడు మొదటి మ్యాచ్‌లో ఇద్దర్ని ఒంటిచేత్తో ఆపి ఏడ్చేశాడు. ఆ రోజే కిరణ్ పాల్ ఆ ఆటకు దాసోహమైపోయాడు.

ఇంగ్లీషులో ఉండే ఎత్తుల పేర్లు పిల్లల నోట పలికేవి కావు. కొత్తగా మెట్రో రైలు మొదలైన రోజులవి. ఆయన స్టేషన్ల పేర్లు పెట్టాడు. నేరుగా దూసుకుపోతే నాగోల్. ఎడమకు తిరిగితే మియాపూర్. ఇద్దరు ఒకరికొకరు ఎదురు పరుగెత్తి, బంతి ఎవరి చేతిలో ఉందో తెలియకుండా దారులు మార్చుకుంటే, రైళ్ళు మారే అమీర్‌పేట. బయటి కోచ్‌లు నవ్వారు. కానీ గీతకు అవతల నిలబడ్డ మద్రాసు పిల్లలకు అందులో ఒక్క ముక్క అర్థం కాకపోవడం కూడా కలిసొచ్చింది.

బంతి విసిరే స్థానంలో మొదట దొరికినవాడు అవినాష్. కాకినాడ పిల్లవాడు, క్రికెట్‌లో బౌండరీ దగ్గర్నుంచి విసిరితే వికెట్ల మీద పడేది. చదువయ్యాక ఉద్యోగం రాక తిరుగుతుంటే కిరణ్ పాలే కరస్పాండెంట్ కాళ్ళావేళ్ళా పడి వాడిని తనకు సహాయ కోచ్‌గా వేయించుకున్నాడు. మొదటి రెండేళ్ళు ప్రతి మ్యాచ్‌లోనూ చిత్తుగా ఓడారు. తర్వాత ఒకటీ అరా గెలిచారు. ఆ తర్వాత దక్షిణాది కాలేజీల పోటీలో వీళ్ళంటే భయపడే రోజు వచ్చింది. ఆ భయం తెచ్చినవాడు వినయ్.

వినయ్‌ది నర్సాపూర్. తల్లి భ్రమరాంబ అంగన్‌వాడీ టీచర్, తండ్రి లేడు. బంతి చంకలో పెట్టుకుని పరుగు తీస్తే వాడి చొక్కా కొసైనా దొరికేది కాదు. ఫైనలియర్‌కు వచ్చేసరికి వాడి పేరు చెన్నై దాకా పాకింది. మార్కులు మాత్రం అంతంతే. క్యాంపస్ ఇంటర్వ్యూలు వరసగా పోయాయి. వాడికి మిగిలిన ఆశ ఒక్కటే. ఆ ఏడాది గచ్చిబౌలి కంపెనీ ఒకటి పోటీలకు డబ్బు పెట్టింది. ఫైనల్ చూడటానికి వాళ్ళ అమెరికా ఆఫీసర్లు వస్తున్నారు. ఫైనల్లో బాగా ఆడినవాళ్ళని కొందరిని ఉద్యోగాల్లోకి తీసుకుంటామని మాటిచ్చారు.

సెమీఫైనల్ గెలిచారు. గెలిచే ముందు వినయ్‌ని ఇద్దరు రెండు పక్కల నుంచి గుద్దారు. వాడు పడ్డాడు, లేచాడు, బురద దులుపుకున్నాడు, కిరణ్ పాల్ దగ్గరికొచ్చి, "ఇయ్యాల ఎవరితోని ఆడుతున్నం సార్?" అని అడిగాడు. కిరణ్ పాల్ చెప్పాడు. వాడు నీళ్ళు తాగి వచ్చి మళ్ళీ అదే అడిగాడు.

కిరణ్ పాల్ వాడి హెల్మెట్ లాగి తన చంకలో పెట్టుకున్నాడు. మ్యాచ్ అయ్యాక నేరుగా సెలీనా పనిచేసే దవాఖానకు తీసుకుపోయాడు. డాక్టరు స్కాన్ తీయించి, అందులో ఏమీ లేదని చెప్పి, మూడు వారాలు మాత్రం ఆట ముట్టొద్దన్నాడు. ఫైనల్ వచ్చే శనివారమే.

సెలీనా వినయ్‌ని కుర్చీలో కూర్చోబెట్టి అడిగింది. "వాంతి అయిందా?"

"ఒక్కసారి అక్కా."

"నెలలు చెప్పు, డిసెంబరు నుంచి ఎనుకకు."

వాడు సెప్టెంబరు దాకా వచ్చి ఆగి, నవ్వాడు.

వాడిని హాస్టల్లో దింపి వచ్చాక సెలీనా మొగుడితో చెప్పింది. "మొదటి దెబ్బ నుంచి తేరుకోకముందే రెండోది తగిలినోళ్ళను నేను చూసిన. బండ్ల మీద నుంచి పడ్డోళ్ళు. మంచిగనే మాట్లాడుకుంట వస్తరు, పొద్దుగూకేసరికి కన్నతల్లిని గుర్తువట్టరు. అందరికీ అట్ల కాదు. కానీ ఎవరికైతదో ముందుగాల ఎవ్వరూ చెప్పలేరు."

ఆ మాట కిరణ్ పాల్ చెవిలో పడింది. ఇక ఎవరు ఏం చెప్పినా అది బయటికి పోలేదు.

సోమవారం కరస్పాండెంట్ గదికి పిలుపొచ్చింది. "స్కాన్ నార్మల్ అన్నారటగా కిరణ్ గారూ?"

"నార్మలే సార్. కానీ ఇది స్కాన్‌లో కనపడదంట. మూడు వారాలు ఆడొద్దన్నారు."

"మా బావమరిది డాక్టరేనండీ. ఫోన్లో అడిగాను. కుర్రాడు నడుస్తున్నాడా, తింటున్నాడా, ఇంకేంటీ అన్నాడు."

"రెండోసారి దెబ్బ తగిలితే..."

"తగిలితే కదండీ! అసలు వాడిని ముట్టుకున్నవాడు ఉన్నాడా ఈ ఏడాది?"

"మొన్న ముట్టుకున్నారు సార్. అందుకే ఇప్పుడీ మాట."

నరసింహమూర్తి గారి ముఖం మారింది. "ఏమయ్యా, కంపెనీవాళ్ళు వచ్చేది వాడిని చూడ్డానికి. వాడు లేకపోతే ఏం చూపిస్తావ్, నీ ముఖమా?" ఆయన నోట "కిరణ్ గారూ" అన్న పిలుపు ఆ గదిలోనే ఆగిపోయింది. మళ్ళీ వినబడలేదు.

మర్నాడు నర్సాపూర్ నుంచి భ్రమరాంబ వచ్చింది. గ్రౌండు గట్టు మీద, ఎండలో, కొంగు తల మీదికి లాక్కుని నిలబడింది. కొడుకే పిలిపించినట్టున్నాడు. కిరణ్ పాల్ ఆమెను నీడకు రమ్మన్నా రాలేదు.

"తలకాయ నొప్పి అందరికీ వస్తది సార్. గోలీ వేసుకుంటే పోతది. ఈ నౌకరీ పోతే వానికి మళ్ళెవరిస్తరు? మీరిస్తరా?"

"అమ్మా, రేపు ఏమన్న అయితే నీ కొడుకు నీకు దక్కడు."

"నోటికెంతొస్తే అంత అనకుండ్రి సార్," అందామె. కొంగు ఇంకా ముందుకు లాక్కుంది. "నా కొడుకును నేను చూస్కుంట. మీరు ఆడనియ్యుండ్రి, అంతే."

ఆయన ఆడనివ్వలేదు.

శనివారం గచ్చిబౌలిలో ఫైనల్, మద్రాసు కాలేజీతో. ఇటు కాలేజీ పిల్లల కేకలు, అటు గొడుగుల కింద కంపెనీ ఆఫీసర్లు. మామూలు బట్టల్లో బెంచీ చివర వినయ్. మధ్యలో రెండుసార్లు అవినాష్ వచ్చి కోచ్ చెవిలో, "ఒక్క రెండు ఎత్తులకి పంపండి సార్, ఊరికే వాడు గీత మీద నిలబడినా అవతలివాళ్ళు బెదురుతారు," అన్నాడు. కిరణ్ పాల్ తల అడ్డంగా ఊపాడు. ఆఖరి ఎత్తు ఒక్కటే మిగిలింది, అది పారితే గెలుపే. అమీర్‌పేట అని అరిచాడు. దారులు మారాయి, మద్రాసు పిల్లలు తికమక పడ్డారు, బంతి రావలసిన చేతిలోకే వచ్చింది. వినయ్ బదులు పరుగెత్తినవాడు ఆఖరి గీతకు చెయ్యి చాపితే అందేంత దూరంలో బోర్లా పడ్డాడు, మ్యాచ్ పోయింది. వినయ్ అయితే దాటేవాడని అక్కడున్న ప్రతి మనిషికీ తెలుసు. కిరణ్ పాల్‌కి ఇంకా బాగా తెలుసు.

బస్సు దగ్గర వినయ్ ఎదురొచ్చాడు. అందరూ చూస్తుండగానే అన్నాడు.

"నా తలకాయ కోసం కాదు సార్ మీరు ఆపింది. నాకేమన్న అయితే మీ నౌకరీ పోతదని ఆపిన్రు. మీ భయానికి నా బతుకు ఆగం జేసిన్రు."

ఆయన బస్సెక్కి ముందు సీట్లో కూర్చున్నాడు. ఇంటికి పోయాక కూడా ఆ మాటే తొలిచింది. అందులో నిజం ఎంత అని తనను తాను అడిగి చూసుకున్నాడు. అసలు లేదని గట్టిగా చెప్పలేకపోయాడు. ఆ పిల్లవాడు తన కళ్ళ ముందు పడిపోతే ఎట్లా అన్న భయం మాత్రం ఉండింది. అది పిల్లవాడి కోసమా, తన కోసమా అన్నది ఎట్లా విడదీయాలో తెలియలేదు.

కంపెనీ నలుగురిని తీసుకుంది. అందులో ఒకడు, వినయ్ బదులు పరుగెత్తి గీత ముందు పడినవాడే.

వేసవి సెలవుల తర్వాత కిరణ్ పాల్ కాలేజీకి వెళ్ళేసరికి అవినాష్ హెడ్ కోచ్ అయిపోయాడు. ఈయనకు బస్సుల ఇన్‌ఛార్జి పని ఇచ్చారు. ఏ బస్సు ఎక్కడ చెడిపోయింది, ఏ డ్రైవర్ రాలేదు, నిజాంపేట రూటులో పిల్లలు ఎందుకు నిలబడి వస్తున్నారు, ఇదీ ఇక ఆయన లోకం. పొద్దున్నే గేటు దగ్గర విజిల్ పట్టుకుని నిలబడేవాడు. అవినాష్ మొదట్లో తలొంచుకుని పోయేవాడు. తర్వాత అలవాటైపోయి, "గుడ్ మార్నింగ్ సార్" అనడం మొదలుపెట్టాడు. ఆ తలొంచుకోవడమే నయమనిపించింది కిరణ్ పాల్‌కి.

ఆ ఏడాది టీము కప్పు గెలిచింది. సాయంత్రం అవినాషే ఫోన్ చేశాడు. వెనక డప్పులు వినబడుతున్నాయి.

"సార్, ఆఖరికి అమీర్‌పేటే వేశాం సార్! మీరు నేర్పిందే!"

"మంచిది," అన్నాడు కిరణ్ పాల్. "పిల్లలందరూ బాగున్నరా?"

"ఒకడు తలకి దెబ్బ తగిలి కొంచెం తిరుగుతోందన్నాడు సార్, కట్టు కట్టి మళ్ళీ దింపాం. వాడే గెలిపించాడు."

"ఇప్పుడెట్లున్నడు వాడు?"

"వాడా? డాన్సు చేస్తున్నాడు సార్."

వారం తిరక్కుండా నిజాంపేట రోడ్డు మీద పెద్ద ఫ్లెక్సీ వెలిసింది. నరసింహమూర్తి గారు, అవినాష్, కంపెనీవాళ్ళు, మధ్యలో తలకు కట్టుతో నవ్వుతున్న పిల్లవాడు. కింద పెద్ద అక్షరాల్లో "దెబ్బ తిన్నా ఆగని సింహం" అని. కాలేజీ బస్సులన్నీ దాని కిందుగానే పోయేవి. మామూలు డ్రైవర్ రాక కొత్తవాడు నడిపే రోజున కిరణ్ పాల్ కూడా బస్సులో తోడు పోవాల్సి వచ్చేది. ఆ ఫ్లెక్సీ దగ్గర సిగ్నల్ ఎప్పుడూ ఎర్రగానే ఉన్నట్టు తోచేది ఆయనకు. ఆ కట్టు పిల్లవాడికి ఏమీ కాలేదు. పరీక్షలు రాశాడు, ఉద్యోగంలో చేరాడు. కాలేజీలో ఎవరూ కిరణ్ పాల్‌ని మాట అనలేదు. ఆ కట్టును చూపిస్తే చాలు కదా.

తర్వాత ఆయన ఆ పని మానేశాడు. సెలీనా జీతం మీద కొన్నాళ్ళు నడిచింది. రెండు స్కూళ్ళలో అడిగాడు, వయసైందన్నారు. చివరికి తెల్లాపూర్‌లో ఒక పెద్ద గేటెడ్ కమ్యూనిటీలో స్పోర్ట్స్ మేనేజర్ ఉద్యోగం దొరికింది. పేరు పెద్దదే. బ్యాడ్మింటన్ కోర్టు ఎవరికి ఎప్పుడు ఇవ్వాలో చూడటం, స్విమ్మింగ్ పూల్ నీళ్ళు పరీక్షించడం, టవర్ల మధ్య పిల్లల కొట్లాటలు తీర్చడం. ఈలోగా కాలేజీ ఎర్రమట్టి గ్రౌండులో కంప్యూటర్ సైన్సు సీట్ల కోసం కొత్త బ్లాకు లేచిందని, ఫుట్‌బాల్ టీము ఎత్తేశారని ఎవరో చెప్పారు. అవినాష్ కొల్లూరు వైపు ఫ్లాట్లు అమ్ముతున్నాడట. కిరణ్ పాల్‌కి సంతోషం కలగలేదు, బాధా కలగలేదు. ఆ ఆట నిజంగా ఎప్పుడైనా ఇక్కడ ఆడారా అనిపించింది.

కొన్నేళ్ళకు ఒక ఆదివారం పొద్దున నలుగురు కుర్రాళ్ళు రాకెట్లు పట్టుకుని కోర్టు దగ్గరికొచ్చారు. అందులో ఒకడు ఆగిపోయాడు. కొంచెం ఒళ్ళు చేశాడు, గడ్డం పెంచాడు. అయినా ఆ నడక దాగేది కాదు. వినయ్.

"నమస్తే సార్! ఇక్కడున్నరా?" అని, పక్కవాళ్ళ వైపు తిరిగి, "మా కాలేజ్‌ల పీటీ సార్," అని పరిచయం చేశాడు. వాళ్ళు హలో సార్ అని కోర్టులోకి పోయారు.

కాసేపాగి వినయ్ ఒక్కడే వచ్చి బెంచీ మీద కూర్చున్నాడు. ఆరో టవర్‌లో కిరాయికి దిగాడట. నానక్‌రామ్‌గూడలో ఆఫీసు, టీమ్ లీడ్. పెళ్ళి కుదిరింది. తల్లిని తనతోనే ఉంచుకున్నాడు.

"మధ్యల మస్తు పరేషాన్ అయిన సార్. మూడేండ్లు కోర్సులు, ఇంటర్వ్యూలు. నాతోటోళ్ళు కార్లు కొన్నంక నాకు మొదటి జీతం వచ్చింది." అంతలోనే చెయ్యి ఊపాడు. "పాత ముచ్చట తియ్యి సార్. అప్పుడు కోపముండె. ఇప్పుడేం లేదు. మీకు తెలిసినంత మీరు చేసిన్రు."

క్షమించేశాడు. కిరణ్ పాల్‌కి ఆ పాత తిట్టు ఇంతకంటే తేలిగ్గా ఉండేదనిపించింది.

"తలకాయ నొప్పులు గిట్ల ఏమన్న వస్తున్నయా?" అని అడిగాడు.

వినయ్ నవ్వాడు. "ఎందుకొస్తయ్ సార్? అప్పుడు గూడ ఏం కాలే కదా."

వాడు లేచి ఆటలోకి పోయాడు. కిరణ్ పాల్ అక్కడే కూర్చున్నాడు. ఏం కాలేదు. నిజమే. ఆపినందుకే కాలేదో, ఆపకపోయినా అయ్యేది కాదో, ఈ భూమ్మీద చెప్పగలవాడు ఎవడూ లేడు. కానీ ఆయనను బెంచీకి అతికించింది అది కాదు. తలనొప్పి సంగతి అడిగిన క్షణంలో తన చెవులు ఏ జవాబు కోసం ఎదురుచూశాయో ఆయనకు తెలిసింది. వస్తున్నాయని వాడు చెప్పాలని, అప్పుడప్పుడు మరుపు కూడా ఉందని చెప్పాలని, లోపల ఎవరో ఆశపడి కూర్చున్నారు. చాలా ఏళ్ళుగానే కూర్చున్నట్టున్నారు.

మధ్యాహ్నం డ్యూటీ నుంచి వచ్చి సెలీనా అన్నం పెట్టుకుని తింటుంటే ఈ ముచ్చట చెప్పాడు. చివరి సంగతి చెప్పడానికి కొంచెం సేపు పట్టింది. కానీ చెప్పాడు.

సెలీనా చెయ్యి కంచంలోనే ఆగింది. "అంటే ఆ పిల్లగాడు పడిపోతేనే నీ మనసు చల్లవడ్తదా?"

"నేను గట్ల అనలే."

"అన్నవ్. ఇప్పుడే అన్నవ్." ఆమె కోపంగా లేదు. అలసిపోయి ఉంది. "మా వార్డుల మంచిగై పోయినోళ్ళు మళ్ళ ఎవ్వరూ వచ్చి కనవడరు. పెండ్లిళ్ళకు గూడ పిలవరు. నాకు అలవాటైపోయింది. నీకు కాలే."

"నాకు ఒక్క సల్లటి మాట గూడ రాలే సెలీనా. ఒక్కటి."

"రాదు," అంది ఆమె, ఇంకో ముద్ద కలుపుతూ. "ఇగ రాదు. ఫికర్ చెయ్యకు అని చెప్పుదామంటే నాకూ నోరొస్తలేదు."

తర్వాతి ఆదివారం వినయ్ మళ్ళీ ఆడటానికొచ్చాడు. కిరణ్ పాల్ కోర్టు చుట్టూ కట్టిన జాలీ పక్కన నిలబడి చూశాడు. షటిల్ వెనక్కి పోతే వాడు తల ఎత్తి, గిర్రున తిరిగి, ఒకే దూకుకు అందుకున్నాడు. అడుగు తడబడలేదు. కన్ను చెదరలేదు. చూపు, పరుగు, ఊపిరి, అన్నీ ఉన్నచోటే ఉన్నాయి. బాగున్నాడు, అని ఆయన తనకు తాను చెప్పుకున్నాడు. ఆ మాట సులువుగా రాలేదు, నెట్టుకుంటూ తెచ్చుకోవలసి వచ్చింది. ఇంకోసారి అనుకున్నాడు, బాగున్నాడు అని. పూల్ దగ్గర నుంచి ఎవరో నీళ్ళు వాసనొస్తున్నాయని పిలిచారు. ఆయన అటు వెళ్ళాడు.